చంద్రుడి మీద మా ఇరవై ఆరు గుంటలు

సినీత్సా-3 అనే మా అంతరిక్ష నౌక చంద్రుడి మీద సరిగ్గా ఎక్కడ దిగిందో కనిపెట్టామని మార్చి పన్నెండో తారీకున మా సంస్థ సగర్వంగా ప్రకటించింది. యాభై నాలుగేళ్ల కిందట పోగొట్టుకున్న వస్తువు దొరికినందుకు అందరూ సంతోషించారు. అది అక్కడ లేదన్న సంగతి తర్వాత తెలిసింది. అప్పటికే సంతోషించడం పూర్తయిపోయింది కాబట్టి ఎవరికీ నష్టం జరగలేదు. ఒక్కరికి తప్ప. ఆయన సంగతి వరసలో వస్తుంది.

ముందు నా సంగతి చెప్పాలి, ఎందుకంటే కనిపెట్టింది నేనే. నా పేరు ఉస్తీన్యా. జలేస్యే పట్నంలోని గ్రహపటాల సంస్థలో చిన్న ఉద్యోగిని. నా పని చూడటం. అంతకు మించి ఏమీ లేదు. మా ఊరి బడిలో నాలుగు తరగతులకీ కలిపి ఒకటే గది, ఒకటే పంతులమ్మ. ఆవిడ మిగతా మూడు తరగతులకి పాఠం చెబుతున్నంతసేపూ మేము చేతులు కట్టుకుని కిటికీలోంచి మంచును చూస్తూ కూర్చోవాలి. ఆ లెక్కన పదేళ్లు వచ్చేసరికే నేను ఈ ఉద్యోగానికి అర్హురాలినైపోయాను. ఆ తర్వాత చదివిన చదువంతా దండగ.

సినీత్సా అంటే చలికాలంలో గింజల కోసం కిటికీ దగ్గరికొచ్చే పసుపు పొట్ట పిట్ట. ఆ పేరు పెట్టుకున్న నౌక కూడా పెద్దదేం కాదు, వంటింట్లో ఫ్రిజ్ అంత. డెబ్బై ఒకటో సంవత్సరం ఫిబ్రవరిలో చంద్రుడి మీద దిగింది. పంతొమ్మిది నిమిషాలు మాట్లాడింది. తర్వాత నోరు మూసుకుంది. ఎక్కడ దిగిందని అడిగితే మావాళ్లు పటం మీద అరచెయ్యి పెట్టి, ఇక్కడ అని చూపించారు. ఆ అరచెయ్యి కింద ఒక జిల్లా పడుతుంది.

ఇప్పుడు పరాయి దేశం వాళ్ల ఉపగ్రహమొకటి చంద్రుడి చుట్టూ తిరుగుతూ ఫొటోలు తీసి అందరికీ ఉచితంగా ఇస్తోంది. వాటిలో మా ఫ్రిజ్ మూడు చుక్కలంత ఉంటుంది. ఏ రాయి అయినా మూడు చుక్కలంతే ఉంటుంది. అందుకని మేము నౌకను వెతకం, నీడను వెతుకుతాం. చంద్రుడి మీద తెల్లవారేటప్పుడు పొద్దు వాలుగా ఉంటుంది, అడుగున్నర వస్తువుకి కూడా బారెడు నీడ సాగుతుంది. రాతి నీడ అడ్డదిడ్డంగా ఉంటుంది. మనిషి చేసిన వస్తువు నీడకి తిన్నని అంచులుంటాయి. దిగేటప్పుడు ఇంజను ఊదిన గాలికి దుమ్ము చెదిరి, చుట్టూ కాస్త తెల్లని మచ్చ కూడా మిగులుతుంది. తిన్నని నీడ, తెల్లని మచ్చ. అంతే శాస్త్రం. ఆ జిల్లానంతా పదకొండు వేల గడులుగా కోసి, రోజుకి ముప్పై గడులు చొప్పున పద్నాలుగు నెలలు చూశాను.

ఏడు వేల తొమ్మిది వందల పన్నెండో గడిలో, ఒక గుట్ట పాదం దగ్గర బల్లపరుపు నేల మీద, ఒక తెల్లని చుక్క కనిపించింది. నివేదికలో ఇలా రాశాను: "ఇది నౌక కావచ్చు. రాయి కూడా కావచ్చు. పొద్దు ఇంకా వాలుగా ఉన్నప్పుడు తీసిన ఫొటో వచ్చేదాకా చెప్పలేం."

నివేదిక పైకి వెళ్లింది. మొదటి బల్ల దగ్గర మూడో వాక్యం, అది ఎటూ తేల్చడం లేదని, తీసేశారు. రెండో బల్ల దగ్గర రెండో వాక్యం, అది సంస్థ పరువుకి తగినట్టు లేదని, తీసేశారు. మూడో బల్ల దగ్గరికి చేరేసరికి ఒక్క వాక్యమే మిగిలింది. అందులో "కావచ్చు" ఒక్కటీ ఒంటరిగా కనిపించిందట. జాలిపడి దాన్ని కూడా తీసేశారు. ఎవరూ అబద్ధమాడలేదు, అందరూ క్లుప్తంగా రాశారంతే. ప్రకటన రోజున నన్ను వేదిక మీద నిలబెట్టి, "మీరు తల ఊపితే చాలు" అన్నారు. ఊపాను. తల ఊపడం నాకు బాగా వచ్చని అక్కడే తెలిసింది.

మా డైరెక్టరు ఇన్నొకెంతీ ల్వోవిచ్ గారు ఆ రోజు నలభై నిమిషాలు మాట్లాడారు. "సహోద్యోగులారా! యాభై నాలుగేళ్లుగా ప్రపంచం మనల్ని అడుగుతోంది, మీ నౌక ఎక్కడ అని. ఈరోజు మనం ధైర్యంగా జవాబు చెప్పగలం. అక్కడ!" అని చేతితో పైకి చూపించారు. ఆ వేళలో చంద్రుడు భూమికి అవతలివైపున ఉన్నాడు. చప్పట్లు మాత్రం చాలాసేపు మోగాయి.

అసలు ఆనందం ఆ తర్వాత మొదలైంది. చంద్రుడి మీద చిన్నాచితకా గుంటలకి పేర్లు పెట్టడానికి ఒప్పుకోరు. నౌక దిగిన చోటు చుట్టూ ఉన్న గుంటలకి మాత్రం మినహాయింపు ఉంది. వాటికి మామూలు మనుషుల పొట్టి పేర్లు పెట్టుకోవచ్చు. ఇంటిపేర్లు, బిరుదులు పనికిరావు. ఇంట్లో పిలుచుకునే పేర్లే ఉండాలి. అంటే ఎక్కడ నౌక దిగిందో అక్కడ అమరత్వం స్థలాలుగా కోసి పంచుతారన్నమాట. మాకు దొరికిన చోటు చుట్టూ ఇరవై ఆరు గుంటలున్నాయి. మా సంస్థలో నూట నలభై ముగ్గురం.

సిబ్బంది విభాగం పెద్ద తమారా ఫెలిక్సోవ్నా గారు రెండు వారాలు తలుపు వేసుకుని జాబితా తయారుచేశారు. పూర్తిగా శాస్త్రీయమైన పద్ధతి: హోదా ఎంతో గుంట అడ్డుకొలత అంత. డైరెక్టరు గారికి రెండు వందల పది మీటర్లు వచ్చింది. అయితే ఇన్నొకెంతీకి పొట్టి పేరు కేషా. మా దేశంలో పెంపుడు చిలకలకి పెట్టే పేరది. రెండు బంగారు పతకాలు, పదహారు గ్రంథాలు ఉన్న మనిషి చంద్రపటంలో శాశ్వతంగా కేషాగా ఉండటానికి విజ్ఞానం కోసం ఒప్పుకున్నారు. తమారా గారు తోమా అయ్యారు, నూట ఎనభై మీటర్లు. ఉప డైరెక్టరు వాలెంతీన్ గారినీ, భోజనశాల పెద్ద వాలెంతీనా గారినీ ఇళ్లలో వాల్యా అనే పిలుస్తారు. ఒకే పేరు రెండు గుంటలకి పెట్టకూడదు. ఒక్క గుంటే ఇచ్చి, అది ఎవరిదో రాయకుండా వదిలేశారు. ఆరోజు నుంచి ఆ గుంట తనదేనని ఇద్దరూ నమ్ముతున్నారు. భోజనశాలలో ఉప డైరెక్టరు గారి పళ్లెంలో మాంసం తగ్గింది.

జాబితాలో చివరి పేరు నాది. ఉస్త్యా, పదకొండు మీటర్లు. పటంలో కొలబద్ద బొమ్మ కింద సగం దాక్కుంది.

అమ్మకి ఫోన్ చేశాను.

"లోతెంతే?" అంది.

"రెండు మీటర్లుంటుంది."

"మన బంగాళాదుంపల గొయ్యంత. పర్లేదు, సరిపోతుంది. నీళ్లు పడతాయా?"

"చంద్రుడి మీద నీళ్లుండవమ్మా."

"అయితే మంచిదే, కుళ్లవు," అని ఫోన్ పెట్టేసి ఊరంతా చెప్పడానికి వెళ్లింది.

మా అమ్మ ముప్పై ఏళ్లు పాలకేంద్రంలో పనిచేసింది. ఊళ్లో ఆమెను ఎవరూ ఆగి పలకరించింది లేదు. ఆ రోజు నుంచి దుకాణం లుకేర్యా ఆమెకోసం మెత్తటి రొట్టె తీసి పక్కన పెడుతోందట. "మీ పిల్ల గుంట ఏ పక్కనుందే?" అని అడిగితే అమ్మ చేతికర్రతో చంద్రుడి ఎడమ బుగ్గ మీద చూపిస్తుందట. మబ్బు పట్టిన రోజున కూడా చూపిస్తుందట. బడిలో నా ఫొటో పొయ్యి పక్కన తగిలించారు. సెలవుకి వెళ్లినప్పుడు నేనూ పెరట్లో నిలబడి మెడ నొప్పెట్టేదాకా పైకి చూశాను. పదకొండు మీటర్ల గుంట ఇక్కడి నుంచి కనిపించదని లోకంలో అందరికంటే బాగా తెలిసిన మనిషిని నేను. అయినా కాస్త కనిపించినట్టే అనిపించింది.

మా దేశంలో ఏ కొత్త గౌరవమైనా తడపకపోతే నిలవదు. పతకం వస్తే వోద్కా గ్లాసులో వేసి, ఆ గ్లాసు ఖాళీ చేసి, పళ్లతో పతకాన్ని అందుకోవాలి. కారు కొంటే తాళంచెవికీ అదే మర్యాద. గుంటను గ్లాసులో ఎలా వెయ్యాలన్న ప్రశ్న రాగానే డైరెక్టరు గారే పరిష్కారం చూపించారు. పటాన్ని అచ్చు వేయించి, కత్తెరతో ఎవరి గుంట వాళ్లకి గుండ్రంగా కత్తిరించి ఇచ్చారు. కేషా గ్లాసులో పట్టక మడత పెట్టాల్సి వచ్చింది. సిరా కరిగి అందరి పెదాలూ నీలంగా మారాయి. నాది పప్పుగింజంత ముక్క. పళ్లకి దొరకలేదు, గొంతులోకి జారిపోయింది. చంద్రుడి మీద ఆస్తి సంపాదించి అదే సాయంత్రం మింగేసిన మొదటి మనిషిని నేనే అయ్యుంటాను.

ఇప్పుడు ఆ ఒక్కరి సంగతి.

ఆయన పేరు ప్రోఖోర్ సావ్విచ్. ఎనభై ఆరేళ్లు. సినీత్సా-3లో బ్యాటరీ ఆయన చేసింది. నౌక పంతొమ్మిది నిమిషాలకే మూగబోయినప్పుడు తప్పెవరిదో తేల్చడానికి విచారణ సంఘం వేశారు. దానికి అధ్యక్షుడు ల్యేవ్ ఒసీపొవిచ్. నౌక దిగే చోటును ఎంపిక చేసిన విభాగానికి పెద్ద కూడా ఆయనే కాబట్టి విషయం ఆయనకి బాగా తెలుసునని ఎంచారు. సంఘం తీర్పు సూటిగా ఉంది: మేము ఎంచిన చోటు బల్లపరుపు నేల, నౌక నిటారుగా నిలబడింది, కాబట్టి బ్యాటరీయే చచ్చింది. ప్రోఖోర్ సావ్విచ్ ఉద్యోగ పుస్తకంలో "తీవ్ర మందలింపు" అని ఎర్ర సిరాతో రాసి, టార్చిలైట్ల ఫ్యాక్టరీకి పంపారు. ల్యేవ్ ఒసీపొవిచ్ గారి విగ్రహం మా గేటు దగ్గరుంది. వాళ్ల అబ్బాయే మా డైరెక్టరు గారు.

ఆ తర్వాత ప్రోఖోర్ సావ్విచ్ ఎక్కడ పనికి వెళ్లినా అక్కడివాళ్లు ముందు ఆ పేజీయే తెరిచేవారట. ఆయన ఉండే అపార్ట్‌మెంటులో ఇప్పటికీ కరెంటు పోతే మెట్ల మీద అందరూ ఆయన తలుపు వైపే చూస్తారు. మందలింపు కొట్టేయమని ఆరుసార్లు అర్జీ పెట్టుకున్నారు. ఆరుసార్లూ ఒకే జవాబు వచ్చింది: "నౌక దొరికిన నాడు పునఃపరిశీలిస్తాం."

అందుకని నేను వెతకడం మొదలుపెట్టిన దగ్గర్నుంచి ప్రతి గురువారం వచ్చేవారు. తన తోటలో పండించి ఊరబెట్టిన దోసకాయల సీసా ఒకటి నా బల్ల మీద పెట్టి, టీ తాగేదాకా వాతావరణం గురించి మాట్లాడేవారు. కప్పు కింద పెట్టాక అడిగేవారు.

"కనిపించిందా అమ్మాయ్?"

"ఇంకా లేదండీ."

"తొందరేం లేదు. నాకేమన్నా తొంభయ్యా?"

మార్చి ప్రకటన తర్వాత సంస్థ మాట నిలబెట్టుకుంది. తొమ్మిది రోజుల్లో పునఃపరిశీలన పూర్తి చేసింది. దిగిన చోటు బల్లపరుపు నేలేనని ఇప్పుడు ఆధారాలతో సహా రుజువైంది కాబట్టి మందలింపును ఖరారు చేస్తూ, నౌక దొరికిన శుభసందర్భంలో అభినందనలు తెలుపుతూ, ఉత్తరంతో పాటు ఐదు ఎర్ర పూలు పంపించింది. దారిలో ఒకటి విరిగి నాలుగయ్యాయి. మా దగ్గర సరిసంఖ్య పూలు సమాధి మీద పెడతారు.

ఆ గురువారం కూడా ఆయన వచ్చారు. సీసా పెట్టారు. టీ తాగారు.

"కనిపించిందా అమ్మాయ్?"

"దొరికిందిగా ప్రోఖోర్ సావ్విచ్ గారూ. పేపర్లో కూడా వేశారు."

"పేపరు చూశాన్లే. నిన్ను అడుగుతున్నా. ఇంకా మూడు వేల గడులు మిగిలాయిగా?"

మిగిలాయి. నా పని ప్రణాళికలో పదకొండు వేల గడులని ఉంది. వెతికిన వస్తువు దొరికినంత మాత్రాన వెతకడం ఆపమని మా సంస్థలో ఎవరూ అనరు, ప్రణాళిక ప్రణాళికే. అలా ఏ ఉద్దేశమూ లేకుండా మిగతావి చూస్తూ వచ్చాను. నేను నిజం కోసం వెతికానని మీరు పొరపాటున అనుకోకూడదు.

జూన్‌లో కొత్త ఫొటోలు వచ్చాయి, పొద్దు బాగా వాలినప్పుడు తీసినవి. మొదట మా నౌకను చూశాను. దాని వెనకాల గుట్ట మీద నుంచి ఎనభై మీటర్ల పొడవున ఒక గాడి ఉంది. పై నుంచి దొర్లుకుంటూ వచ్చి ఆగిన రాయి అలాంటి గాడినే వదులుతుంది. అంటే ఒక బండరాయి చుట్టూ మేము ఇరవై ఆరు గుంటల్లో కొలువుదీరామన్నమాట. నాలుగు రోజుల తర్వాత తొమ్మిది వేల ఆరు వందల నలభయ్యో గడిలో, అక్కడికి పడమరగా ఆరు కిలోమీటర్ల దూరంలో, ఒక పెద్ద గుంట లోపలి వాలు మీద, తెల్లని మచ్చ మధ్యలో మూడు చుక్కలు కనిపించాయి. నీడకి తిన్నని అంచులున్నాయి. నౌక నిలబడటానికి పువ్వులా విచ్చుకోవాల్సిన నాలుగు లోహపు రేకుల్లో రెండే విచ్చుకున్నాయి. పిట్ట పక్కకి ఒరిగి పడి ఉంది.

శాస్త్రవేత్త చేయవలసిన పనే చేశాను. ఫొటో మూసేశాను. మళ్లీ తెరిచాను. మధ్యాహ్నం దాకా పదకొండుసార్లు అలా చేశాను. నౌక ఎక్కడికీ కదల్లేదు.

గురువారం ప్రోఖోర్ సావ్విచ్ వచ్చి టీకి కూర్చోబోతుంటే నేనే కుర్చీ కంప్యూటర్ వైపు తిప్పాను. ఆయన కళ్లజోడు మీద ఇంకో కళ్లజోడు పెట్టుకుని చాలాసేపు చూశారు.

"వాలెంత?"

"ఇరవై ఎనిమిది డిగ్రీలు."

"బ్యాటరీని చల్లబరిచే పలక ఏ పక్కనుంది? కిందా?"

"కిందేనండీ. రాళ్లలో ఇరుక్కుంది."

ఆయన నా పెన్సిలు తీసుకుని పేపరు అంచు మీద ఏవో అంకెలు వేశారు. గీత గీశారు. మళ్లీ మొదటినుంచి వేశారు.

"ఉడికిపోయింది పాపం," అన్నారు. "అలా పడ్డది ఆరు నిమిషాలకే పోవాలి అమ్మాయ్. పంతొమ్మిది మాట్లాడింది. పక్కకి పడి, ఒళ్లు కాలిపోతూ, పంతొమ్మిది నిమిషాలు! నా బ్యాటరీ!" ఎర్రబడ్డ కళ్లు తుడుచుకోవడానికి రెండు కళ్లజోళ్లూ తియ్యాల్సి వచ్చింది. "దరిద్రుడు ఆ ల్యేవ్ ఒసీపొవిచ్, చంద్రుడంత మైదానం ఉంటే గోతిలోకి తోశాడు దాన్ని. తోసి నా మీద పెట్టాడు."

తర్వాత నెమ్మదించి అన్నారు. "వచ్చే గురువారం మీ సంస్థ సభలో లేచి ఈ ఒక్క మాట చెప్పు. నువ్వు చూసింది చెప్పు, చాలు. చెబుతావా?"

"తప్పకుండా చెబుతానండీ," అన్నాను. ఆ క్షణంలో నిజంగానే చెప్పాలనుకున్నాను. ఇది నా పక్షాన నమోదు చేసుకోగలరు.

డైరెక్టరు గారి దగ్గరికి ఫొటోలు పట్టుకెళ్లాను. ఆయన ముందు గాడిని చూశారు.

"ఇదేంటి?"

"రాయి దొర్లిన గుర్తండీ. మన నౌక... రాయండీ."

"నౌక దొర్లినా గుర్తు పడుతుంది కదా ఉస్తీన్యా?"

"నౌకకి చక్రాల్లేవండీ."

"అదేగా గొప్ప!" అని ఆయన కుర్చీలోంచి లేచారు.

రెండో ప్రకటన ఆ వారమే వచ్చింది. సినీత్సా-3 చంద్రుడి మీద దిగడమే కాక, చక్రాలు లేకుండా ఎనభై మీటర్లు ప్రయాణించిన మొట్టమొదటి వాహనమని అందులో ఉంది. ఆ గాడికి ల్యేవ్ ఒసీపొవిచ్ మార్గం అని పేరు ప్రతిపాదించారు. పడమటి గుంటలో ఉన్న మూడు చుక్కల గురించి డైరెక్టరు గారు, "ఇంకెవరైనా పారేసుకున్నదేమో, మనకెందుకు," అన్నారు.

తమారా గారు నన్ను నడవాలో పట్టుకున్నారు.

"ఆ పడమటి చోట ఎన్ని గుంటలున్నాయో లెక్కపెట్టావా?"

"తొమ్మిదండీ. పేరు పెట్టదగ్గవి తొమ్మిదే."

"తొమ్మిది. మన జాబితాలో నువ్వెన్నోదానివి?"

నేను చేతిలోని ఫొటోలు సర్దుకున్నాను.

"ఇరవై ఆరోదానివి తల్లీ. నేను రెండోదాన్ని, నాకొచ్చిన భయమేం లేదు. నీకోసమే చెబుతున్నా. మీ అమ్మకి ఎవరు చెబుతారు? నువ్వు చెబుతావా, నేను రిజిస్టరు పోస్టులో పంపించనా?"

ఆవిడ మంచి మనిషి. ప్రోఖోర్ సావ్విచ్ గారి సంగతి కూడా మర్చిపోలేదు. మందలింపు తీయడానికి ఆధారాలు అనుకూలించడం లేదు కాబట్టి, దానికి బదులుగా, తొమ్మిది మీటర్ల గుంట ఒకటి అదనంగా వెతికి ఇరవై ఏడోదిగా జాబితాలో చేర్పించారు. ప్రోషా. నా గుంట పక్కనే.

గురువారం సభ జరిగింది. ప్రోఖోర్ సావ్విచ్ గోధుమరంగు కోటు వేసుకుని వచ్చారు. ఎడమ జేబు మీద పతకాలుండాల్సిన చోట బట్ట రంగు వెలవకుండా కొత్తగా ఉండటానికి అక్కడ ఎప్పుడూ ఏమీ తగిలించి ఉండలేదు. కోటంతా సమంగా వెలిసింది.

డైరెక్టరు గారు లేచారు. "మన సంస్థ ఎవరినీ మర్చిపోదు. పొరపాటు చేసినవాడిని కూడా మర్చిపోదు. యాభై నాలుగేళ్ల కిందట ఒక బ్యాటరీ మనల్ని నిరాశపరిచింది. అయినా ఈరోజు ఆ బ్యాటరీ చేసిన చేతులకి చంద్రుడి మీద చోటిస్తున్నాం. క్షమించడంలో మన తర్వాతే ఎవరైనా!" చప్పట్లు మోగాయి. కొందరు కళ్లు తుడుచుకున్నారు.

ప్రోఖోర్ సావ్విచ్ చప్పట్లు ఆగేదాకా ఆగారు. "గుంట సంగతి తర్వాత," అన్నారు. "అమ్మాయ్, లే. నువ్వు చూసింది చెప్పు."

లేచాను. మిగతా ఇరవై ఐదు గుంటలూ నా వైపు తిరిగాయి. కేషా చూశారు. తోమా చూశారు. వాల్యాలు ఇద్దరూ ఒకేసారి చూశారు. నాకు దుకాణంలో పక్కన తీసిపెట్టిన మెత్తటి రొట్టె కనిపించింది. నోరు తెరిచాను. ఏమొస్తుందో నాకూ నిజంగా తెలియదు.

"పరిశీలనలో ఉంది," అన్నాను.

అంత చక్కని మాట ఇంకోటి లేదు. అది అబద్ధం కాదు, ఎందుకంటే నేను రోజూ పరిశీలిస్తూనే ఉన్నాను. నిజం కూడా కాదు కాబట్టి ఎవరికీ తగలదు. మీటింగు రాసుకునే అమ్మాయి దాన్ని ఒక్క తప్పు లేకుండా రాసుకుంది. నా వాక్యాల్లో ఏ బల్ల దగ్గరా కోత పడకుండా పైదాకా వెళ్లింది అదొక్కటే.

మా దేశంలో ఎనభై ఆరేళ్లు బతికినవాడికి ఆ మాటకి అర్థం చెప్పక్కర్లేదు. ప్రోఖోర్ సావ్విచ్ నన్ను తిట్టలేదు. తిడితే బాగుండేది, నాకు కోపం తెచ్చుకునే అవకాశం దొరికేది.

"కూర్చో అమ్మాయ్," అన్నారు. "అప్పట్లో విచారణ సంఘం తీర్పు కింద నేను కూడా సంతకం పెట్టాను. తప్పు నాదేనని. నాకు ముప్పై రెండేళ్లు, ఫ్లాటు కోసం వరసలో ఉన్నాను. సంతకం పెట్టిన నెలకి ఫ్లాటు వచ్చింది. ఇప్పటికీ అందులోనే ఉంటున్నాను." డైరెక్టరు గారి వైపు తిరిగారు. "ఆ గుంట నాకొద్దండీ. నా పిట్ట పడ్డ చోట ఇస్తే తీసుకునేవాణ్ణి. రాయి పక్కన నాకేం పని?"

టోపీ పెట్టుకుని వెళ్లిపోయారు. ఆయన అలసిపోయారని, వయసు కారణమని మీటింగు పుస్తకంలో రాశారు.

గురువారాలు ఇప్పుడు నిశ్శబ్దంగా గడుస్తున్నాయి. దోసకాయలు కొనుక్కుంటున్నాను, అంత బాగోవు. జీతం పెంచారు. నా హోదా పెరిగింది కాబట్టి నా గుంట అడ్డుకొలతను కూడా పద్నాలుగు మీటర్లుగా సవరించారు. అమ్మ ఊళ్లో ఆ సంగతి చెప్పింది. గుంట పెరగడం ఏమిటని ఎవరూ అడగలేదట. పడమటి గుంట ఫొటోను రోజూ ఒకసారి తెరిచి చూస్తాను. నౌక అక్కడే ఉంది, పక్కకి ఒరిగి. విషయం పరిశీలనలో ఉందని నేను చెప్పిన మాట ఆ విధంగా నిలబెట్టుకుంటున్నాను.

ఇంత చదివాక నా గురించి మీరేమనుకుంటున్నారో నాకు తెలుసు. అనుకోండి. అనుకోవడానికి మీకు హక్కుంది, మీరు ఆ సభలో లేరు. అయితే ఒక చిన్న ప్రకటన ఉంది, మా సంస్థ తరఫున నన్నే చదవమన్నారు. ప్రోఖోర్ సావ్విచ్ గారు వద్దనడంతో తొమ్మిది మీటర్ల గుంట ఒకటి ఖాళీ అయింది. ఈసారి దాన్ని ప్రజలకే ఇవ్వాలని పెద్ద మనసుతో నిర్ణయించారు. ఏ దేశం వాళ్లయినా అర్హులే. చదువు, హోదా అక్కర్లేదు. ఇంటిపేరు వద్దు. చిన్నప్పుడు ఇంట్లో మిమ్మల్ని పిలిచిన పొట్టి పేరు ఒక్కటి ఉంటే చాలు. పక్కనున్నది నౌకా రాయా అని అడగకూడదన్నది ఒక్కటే నిబంధన.

చూశారా, ఆ పేరు మీకు అప్పుడే గుర్తొచ్చేసింది.